కట్ట మీద పెట్టె

"ఎవరూ చెయ్యి వెయ్యబాకండి! నేను చెప్పిందాకా మాయమ్మ యాడికీ కదిలేది లేదు!"

అబిగయీలు వేసిన కేకకు, ఫ్రీజరు పెట్టె ప్లగ్గు పీకబోయిన మనిషి చెయ్యి గోడ దగ్గరే ఆగిపోయింది. గాజు మూత కింద మగ్దలీనమ్మ తెల్లచీరలో, గుండెల మీద బైబిలుతో పడుకుని ఉంది. పెట్టె గుర్రుమంటూనే ఉంది. షామియానా కింద ఆడవాళ్ళు పాడుతున్న పాట సగంలో తెగింది.

హెన్రీ కొళాయి గట్టు మీద కూర్చుని ఉన్నాడు. పొద్దున హైదరాబాదు బస్సు దిగి వచ్చినప్పటి నుంచీ అదే గట్టు. తల్లి మొహం చూసి, ఏడ్చి, పక్కకు వచ్చాక ఒక్కరూ అతనికి కుర్చీ వెయ్యలేదు. మంచినీళ్ళు కావాలా అని అడగలేదు. ఆదివారం వస్తే ఊళ్ళకు ఊళ్ళు టీవీలో ఎవడి రాతకు పడీపడీ నవ్వుతాయో, వాడికి సొంత పాళెంలో కూర్చోమనే దిక్కు లేకపోయింది.

పాస్టరు రాజ్ కుమార్ చేతిగుడ్డతో మెడ తుడుచుకుంటూ అబిగయీలు దగ్గరికి వచ్చాడు.

"అమ్మా, ఎండెక్కతా ఉండాది. కరెంటు ఎప్పుడు పోతదో తెలవదు. కొడవలూరు సంఘపోళ్ళతో మాట్లాడినాను. వాళ్ళ సమాధుల తోటలో చోటిస్తామన్నారు. వ్యాను కూడా చెప్పి పెట్టినాను."

"మా నాయన యాడుండాడయ్యగారూ?"

"అది తెలిసిందే గదమ్మా."

"మీ నోటితో చెప్పండి."

"మన తోటలో."

"మరి కొడవలూర్లో మాయమ్మను ఎవరి పక్కన పండబెడతారు?"

పాస్టరు చేతిగుడ్డ మడిచి జేబులో దోపుకున్నాడు.

మన తోట అంటే పాళేనికి సముద్రం వైపున ఉన్న ఇసకదిబ్బ. తాతల కాలం నుంచి పాళెంలో కన్నుమూసిన వాళ్ళంతా అక్కడే ఉన్నారు. ఇప్పుడు దాని చుట్టూ నరేంద్రబాబు రొయ్యల గుంటలు. తోటకు పోయే బాటను కట్టలో కలిపేసుకుని, ఇనప గేటు పెట్టి తాళం వేశాడు. అడిగితే కాగితాలున్నాయంటాడు. గుంటల ఉప్పునీరు లోలోపల ఊరి, సిమెంటు శిలువలు ఒక్కొక్కటే పక్కకు ఒరిగిపోతున్నాయి.

సిగ్గుపడాల్సిన మాట ఇంకొకటుంది. ఆ గుంటలు తవ్వింది పాళెం మనుషులే. కట్ట పోసింది వాళ్ళే. గేటు మోసుకొచ్చి నిలబెట్టిందీ వాళ్ళే. కూలి చేతిలో పడితే తమ చావుదారికి తామే తాళం బిగించుకున్నారు. ఆకలి అంతే. అది ఎవడి గేటని అడగదు.

అబిగయీలు మొహం కడుక్కోవడానికి కొళాయి దగ్గరికి వచ్చింది. తమ్ముడు లేచి పక్కకు తప్పుకున్నాడు. ఆమె నీళ్ళు చల్లుకుంది, పైటతో తుడుచుకుంది, అతని వైపు చూడకుండానే వెనక్కి తిరిగింది.

"అక్కా, ఒక్క మాట."

"మాటలకు నీకేం కొదవ అబ్బయ్యా. మాకే అయిపోయినాయి."

"నా మీద నీకు కోపమని తెలుసు. కానీ అమ్మను ముందర పెట్టుకుని..."

"అమ్మ ముందర గాకపోతే ఎవరి ముందర అడిగేది? నీ టీవీ ముందరా?"

హెన్రీ ఒక అడుగు ముందుకు వేశాడు. "పాళెమంతా కలిసి అడిగితేనే గదా తోట సంగతి నేను రాసింది. టీవీలో పెట్టమని మీరే గదా ఫోన్ల మీద ఫోన్లు చేసినారు."

"అడిగినామయ్యా, అడిగినాం. పేపరోడు రాయలేదు. ఓట్లకొచ్చినోడు మళ్ళా రాలేదు. మనోడు టీవీలో ఉండాడు, ఒక్క మాట వేస్తే సర్కారు దిగొస్తదనుకున్నాం. పుండు చూపించమని పంపిస్తే నువ్వు దానికి కితకితలు పెట్టినావు."

షామియానా కింద ఎవరూ కదలలేదు. అందరికీ వినబడుతోంది. వినబడాలనే ఆమె గొంతు తగ్గించలేదు.

"నాకు వచ్చిన పని అదొక్కటే గదక్కా."

"నవ్వు నాలుగందాల చేటంటారు పెద్దోళ్ళు. మా పాళేనికి అయిదో చేటు నువ్వు."

హెన్రీకి వచ్చిన పని నిజంగానే అదొక్కటే. చిన్నప్పుడు పాళెం వాళ్ళు గుడి అనే చర్చిలో క్రిస్మస్ నాటకంలో సత్రం యజమాని వేషం అతనికిచ్చారు. నిండు గర్భిణితో వచ్చిన వాళ్ళను చోటు లేదు పొమ్మనడమే ఆ వేషానికున్న మాట. ఆ ఒక్క మాట చాలక, మంచాలకు నల్లులు పట్టాయనీ, ఉన్న చాప అత్తగారికిచ్చాననీ సొంతంగా కల్పించి చెప్పాడు. గుడి గుడంతా నవ్వింది. అందరికన్నా గట్టిగా మగ్దలీనమ్మ నవ్వింది. ఆ నవ్వు చెవిలో పెట్టుకునే అతను హైదరాబాదు రైలెక్కాడు. ఏళ్ళ తరబడి ఇంకొకడి పేరు కింద పంచులు రాశాడు. చివరికి 'పగలబడి' కార్యక్రమంలో రచన అని అతని పేరు పడిన రోజు, తల్లి లేచి పోయి టీవీ అద్దాన్ని పైటతో తుడిచి మళ్ళీ చూసుకుంది.

అతని రాతలో సగం ఆమె నోటి నుంచి వచ్చిందే. ఆదివారం గుడి అయ్యాక ఆమె ఫోను చేసేది. హెన్రీ ఫోను స్పీకరులో పెట్టి, అమ్మ పాళెం కబుర్లు చెబుతుంటే కంప్యూటరు మీద కొట్టుకుంటూ పోయేవాడు. ఆమెకు మాట అలా వచ్చి పడేది. వెతుక్కునేది కాదు.

పోయిన ఈస్టరు తెల్లవారుజామున అందరిలాగే ఆమె సున్నం బకెట్టు, కొవ్వొత్తులు పట్టుకుని మొగుడి సమాధికి బయల్దేరింది. గేటుకు తాళం. అరిచింది, బతిమాలింది. చివరికి గేటు పక్కనున్న రాతి స్తంభానికే, అది తోటలోదే అని సర్దుకుని, సున్నం కొట్టి, దాని కిందే కొవ్వొత్తి వెలిగించి ఇంటికొచ్చింది. వచ్చి కొడుక్కి ఫోను చేసింది.

"బతికుండప్పుడు మనకు గంజిలోకి ఉప్పు లేదురా అబ్బయ్యా. చచ్చినాక ఉప్పుకు కొదవ లేదు."

ఆ మాట అంటూ ఆమె ఏడ్చింది. హెన్రీ వేళ్ళు మాత్రం ఆగలేదు.

తర్వాత వచ్చిన స్కిట్టు అందరికీ తెలిసిందే. ఉప్పునీళ్ళలో నానిన శవం సమాధిలోంచి లేచి, చొక్కా జేబులోంచి రొయ్యలు రాలుతుండగా, గుంట యజమాని మీదికి తగాదాకు పోతుంది. చివర్లో ఉప్పు మాట. ఆ మాటకు స్టూడియోలో జడ్జీలు కుర్చీల్లోంచి లేచి చప్పట్లు కొట్టారు. ఆ మాట ఆటోల వెనకకు ఎక్కింది. పెళ్ళిళ్ళ వీడియోల్లో, హోటళ్ళలో సాంబారులో ఉప్పెక్కువైనప్పుడు, పిలకాయల నోళ్ళలో, ఎక్కడ చూసినా అదే.

"మీరూ నవ్వినారు గదక్కా ఆ రోజు" అన్నాడు హెన్రీ, అనకూడదని తెలిసీ. "గుళ్ళో పెద్ద టీవీ పెట్టుకుని అందరూ చూసినారంట. అమ్మ కూడా నవ్వినాదంట."

అబిగయీలు పైట నడుముకు బిగించింది.

"నవ్వినాం. మా చావు మాకే నవ్వొచ్చేటట్టు చేసినావు, అది నీ గొప్ప. నేను కాదంటానా? మర్నాడు దాకా నవ్వినాం. ఆ పైన అర్జీ పెట్టేదానికి పెద్దాఫీసుకు పోయినాం. నేనూ, అమ్మా, పెంచల్ మామా. అప్పుడు తెలిసింది."

"ఏం తెలిసింది?"

"నీకెవరూ చెప్పలేదు గదా? నేనే చెప్పొద్దన్నా. అమ్మ కూడా చెప్పొద్దనింది." ఆమె గొంతు మొదటిసారి తగ్గింది. "ఆఫీసరు అర్జీ రెండు ముక్కలు చదివినాడు. చదివి, 'ఇది ఆ రొయ్యల శవం కథ గదయ్యా' అని నవ్వినాడు. పక్క గదిలోళ్ళను కేకేసినాడు. వాళ్ళు ఫోన్లు తీసి నీ స్కిట్టు పెట్టుకుని మళ్ళా చూసినారు, మేము ఎదురుగా నిలబడుకోనుంటే. రాసినోడి తల్లి ఈమేనని పెంచల్ మామ చెప్పినాడు. మేలు జరుగుతదని చెప్పినాడు పాపం. అప్పుడొకడు అడిగినాడు. 'అమ్మా, ఆ ఉప్పు మాట ఒకసారి నీ నోటితో చెప్పవా' అని."

హెన్రీ కొళాయి గట్టు మీద మళ్ళీ కూర్చున్నాడు.

"చెప్పినాదా?"

"చెప్పినాది. చెప్తే పనవుతదనుకునింది. చేతులు కట్టుకుని, సినిమాకు చెప్పే మాదిరి చెప్పినాది. వాళ్ళు వీడియో తీసుకున్నారు. ఇంకొకసారి అన్నారు, ముసిల్ది ఇంకొకసారి చెప్పినాది. అర్జీ ఆ టేబులు మీదే ఉండిపోయింది. ఆటోలో ఇంటికొచ్చిందాకా ఒక్క మాట మాట్లాడలేదు."

అప్పుడు హెన్రీకి అర్థమైంది. ఆ తర్వాత ఆదివారాల్లో అమ్మ ఫోను చేసేది. తిన్నావా, నిద్రపోతన్నావా, జాగ్రత్త. అంతే. ఏమ్మా పాళెం కబుర్లేంది అంటే, ఏముండాయి నాయనా అనేది. ముసలితనం వచ్చేసింది, అమ్మకు మాట తగ్గిందని అతను స్నేహితులతో అన్నాడు. స్కిట్లకు సరుకు దొరకడం లేదని విసుక్కున్నాడు కూడా. ఆమెకు మాట తగ్గలేదు. కొడుక్కి ఇవ్వడం మానేసింది.

అతను తలెత్తేసరికి అబిగయీలు అక్కడ లేదు. గాజుపెట్టె దగ్గర నిలబడి, మూత మీద పట్టిన తేమను అరచేత్తో తుడుస్తోంది.

బయట మోటారుసైకిలు చప్పుడైంది. పెంచల్ లోపలికి వచ్చాడు. గుంటల్లో వలలేసి రొయ్యలు పట్టే పట్టుబడి పనికి పాళెం నుంచి పోయే ముఠాకు అతను మేస్త్రీ.

"పాపా, నరేంద్రబాబు వస్తా ఉండాడు."

"వచ్చేదానికి ఆయనకు ఈడేం పని?"

"ఏమో. దండ తెస్తా ఉండాడు."

నరేంద్రబాబు నిజంగానే దండ తెచ్చాడు. చెప్పులు వాకిట్లో విడిచి, గులాబీల దండ గాజు మూత మీద పెట్టి, దణ్ణం పెట్టాడు. వెనకాల గుమాస్తా పద్మనాభయ్య గొడుగు పట్టుకుని నిలబడ్డాడు. జనం లేచి దారి ఇచ్చారు. రోజూ ఆయన దగ్గర కూలికి పోయే జనం, లేవకుండా ఎలా ఉంటారు?

"మంచి మనిషి. మాయమ్మ ఉండంగా మాయింట్లో కారం దంచేదానికొచ్చేది" అన్నాడు. తర్వాత ఆయన కళ్ళు కొళాయి వైపు తిరిగాయి. "ఎవరూ, హెన్రీనా? ఏమయ్యా, ఎట్టుండావు? కష్టంలో ఉండావు, ఇప్పుడు చెప్పగూడదు గానీ... ఆ రొయ్యల స్కిట్టుండాదే, మాయావిడ కడుపు పట్టుకుని నవ్వింది. నన్నే గదా వేసినావు? నా మీసం, నా బుల్లెట్టు, నా మాట, అంతా దించేసినావే! మా వియ్యంకుడు ఫోను చేసి, 'బావా, నువ్వు టీవీకెక్కినావంట' అంటాడు!"

ఆ స్కిట్టు వచ్చాక హెన్రీ పాళేనికి రావడానికి భయపడ్డాడు. నరేంద్రబాబు మనుషులు కాళ్ళు విరగ్గొడతారనుకున్నాడు. అలా భయపడడం లోలోపల అతనికి కొంచెం గర్వంగా కూడా ఉండేది. ఇప్పుడు ఆ మనిషి ఎదురుగా నిలబడి పళ్ళన్నీ కనబడేలా నవ్వుతున్నాడు. కత్తి అనుకుని విసిరింది దండై వాడి మెడలో పడింది.

"సార్, గేటు తీయండి" అన్నాడు హెన్రీ. "మా నాయన పక్కన పెట్టుకుంటాం. అంతే."

"తీయిస్తా. తీయించనని ఎవరన్నారు? నేనేం రాక్షసుణ్ణా?" నరేంద్రబాబు కుర్చీలో కూర్చున్నాడు. ఆయనకు కుర్చీ అడక్కుండానే వచ్చింది. "ఒక్క చిన్న సాయం. మీవోళ్ళు కోర్టులో కేసేసినారు గదా, నేను సమాధులు ముంచినానని. అందులో నీ స్కిట్టు సంగతి కూడా రాసినారంట. ఊరోడే, తోట చూసినోడే టీవీలో చెప్పినాడని. పద్మనాభయ్య ఫోను పట్టుకుంటాడు. ఆ స్కిట్టులో ఉండేదంతా నవ్వులకోసరం నేను కల్పించిందే, నిజం గాదు అని చెప్పు. అంతే. చెప్పిన క్షణం తాళం తీయిస్తా."



పాస్టరు మెల్లగా హెన్రీ భుజం మీద చెయ్యి వేశాడు. "అబద్ధమేం కాదు గదయ్యా. చచ్చిన మనిషి లేచి తగాదా పడడం నువ్వు కల్పించిందే గదా? ఆ మాటే మనసులో పెట్టుకోని చెప్పు. అమ్మ ఇంకా పెట్టెలోనే పడి ఉండాది."

హెన్రీ అక్క వైపు చూశాడు.

"నన్ను చూడబాక" అంది అబిగయీలు.

"నువ్వు ఎట్టా చెప్తే అట్టా చేస్తా."

"నేను చెప్పేదేంది? నాకు మాయమ్మ నాయన పక్కన పండుకోవాల. దానికోసరం పాళేన్ని అమ్మెయ్యమని నేను చెప్పలేను. పాళెం కోసరం అమ్మను పరాయి మట్టిలో పెట్టమనీ చెప్పలేను. ఇన్నాళ్ళూ మాటలు అమ్ముకోని బతికినావు గదా. నువ్వే చూసుకో."

పాళెం మనుషులు అతన్ని చూస్తున్నారు. తిట్టడం లేదు. బతిమాలడం లేదు. చూస్తున్నారు, అంతే. ఆ దిబ్బ మీద తల్లులూ, తండ్రులూ, పురిట్లోనే పోయిన పిలకాయలూ లేని కుటుంబం అక్కడ ఒక్కటి కూడా లేదు.

పద్మనాభయ్య ఫోను ఎత్తి పట్టుకున్నాడు. "చెప్పు సామీ. ఎండ మొహాన పడతాంది, రొంత ఇటు తిరుగు."

హెన్రీ ఇటు తిరిగాడు.

అలవాటు చెడ్డది. నోరు తెరవబోతుండగానే నాలుక మీదికి ఒక మాట తయారై వచ్చేసింది. ఎంత తెలివైన మాటంటే, నరేంద్రబాబు కావలసింది దొరికిందని సంబరపడతాడు, పాళెం వాళ్ళు మనోడు చురక వేశాడని మురిసిపోతారు, తాళం తెరుచుకుంటుంది, ఎవడి చేతికీ మట్టి అంటదు. పొట్టపోసుకున్నది అలాంటి మాటలతోనే. ఆ మాటను అతను ఉమ్మి మింగినట్టు మింగాడు.

"నా పేరు హెన్రీ. టీవీకి రాస్తాను."

పద్మనాభయ్య పెదాలు అప్పుడే సాగాయి. ఇప్పుడేస్తాడు పంచు అన్నట్టు పక్కవాణ్ణి చూసి కన్ను గీటాడు.

"మా నాయన పేరు హెబ్రోను. ఆయన సమాధి నరేంద్రబాబు గారి గుంటల మధ్యలో ఉండాది. మేము పొయ్యే బాటకు గేటుండాది. తాళం ఆయన కాడుండాది." హైదరాబాదులో నేర్చుకున్న భాష ఎక్కడ రాలిపోయిందో అతనికే తెలియలేదు. "సమాధుల్లోకి ఉప్పునీళ్ళొస్తా ఉండాయి. శవం లేచినట్టు రాసింది నేను. మిగతాదంతా జరిగిందే. ఆ ఉప్పు మాట మాయమ్మది. ఏడస్తా చెప్పింది. నేను దాన్ని నవ్వులకు పెట్టినాను. అది నవ్వే మాట గాదు."

పద్మనాభయ్య మొహం మీద నవ్వు ఇంకా అలాగే ఉంది. పంచు కోసం ఎదురు చూసి చూసి, రాకపోయేసరికి, ఆ నవ్వును ఏం చెయ్యాలో తెలియక దించుకున్నాడు.

ఎవరూ నవ్వలేదు. హెన్రీ బతుకులో అతను మాట్లాడితే ఎవరూ నవ్వకపోవడం అదే మొదలు.

"తీసెయ్యి దాన్ని" అన్నాడు నరేంద్రబాబు నెమ్మదిగా.

పద్మనాభయ్య వేలితో ఫోను మీద నొక్కాడు. "పోయింది సార్."

"టీవీలో అయితే ఊరూ వాడా వింటది. ఇక్కడ ఎవరు విన్నారయ్యా నీ మాట? నేనొకణ్ణి, నా కూలోళ్ళూ." నరేంద్రబాబు లేచాడు. నవ్వు ఇంకా ఆయన మీసాల కిందే ఉంది, కానీ వెచ్చదనం పోయింది. "కొడవలూరుకో, ఇంకో ఊరికో బిన్నా, ఎండ ముదరకముందే చేర్చుకోండి. పెంచలూ, ముఠాను తీసుకోని రా. పట్టుబడికని తూమెత్తి ఎంతసేపయింది? గుంటలో నీళ్ళు మోకాటికి దిగిపోయుంటాయి."

పెంచల్ కదలలేదు.

"ఏందిరా, చెవులు బిగుసుకున్నాయా?"

"సావిల్లు సార్."

"అయితే?"

"పాళెంలో పెట్టె ఉండంగా ఎవరూ వల పట్టరు. మీకు తెలవందా? ఆమెను మట్టిలో పెట్టిందాకా మాకు పని లేదు."

"అయితే పెట్టండిరా మట్టిలో! కొడవలూరుకు తీసకపోండి!"

"అది చెప్పాల్సింది నేను గాదు సార్. పాప చెప్పాల."

నరేంద్రబాబు తిరిగి అబిగయీలును చూశాడు. దండ ఎందుకొచ్చిందో, గేటు తీస్తాననే మాట అంత సులువుగా ఎందుకొచ్చిందో ఆమెకు అప్పుడు తెలిసింది. తెల్లవారుజామున గుంట నీళ్ళు వదలడానికి తూములెత్తించినప్పుడు మగ్దలీనమ్మ పోయిన సంగతి ఆయనకు తెలియదు. తెలిసేసరికి నీళ్ళు పోతున్నాయి. ఎత్తిన తూము దించినా పోయిన నీళ్ళు రావు. నీళ్ళు తగ్గిన గుంటలో రొయ్య ఎండకు నిలవదు.

ఆమె కళ్ళు తుడుచుకుంది.

"పెట్టె లేస్తది" అంది. "ఎత్తండయ్యా. ప్లగ్గు పీకండి. చెక్కపెట్టె తెండి."

"కొడవలూరుకేనా అమ్మా?" అన్నాడు పాస్టరు, ప్రాణం లేచొచ్చి.

"గేటు కాడికి."

తల్లిని చెక్కపెట్టెలోకి మార్చారు. తల దగ్గర హెన్రీ పట్టుకోబోతే ఒక మనిషి అడ్డం వచ్చాడు. "వాణ్ణి పట్టుకోనీ" అంది అబిగయీలు. అంతకు మించి ఏమీ అనలేదు. పెట్టె భుజాలకెక్కింది. ఆగిపోయిన పాట మళ్ళీ మొదలైంది. పాస్టరు వాకిట్లో తటపటాయించి, చివరికి బైబిలు చంకన పెట్టుకుని వెనకే నడిచాడు.

కట్ట మీద ఎండ నిప్పులు కక్కుతోంది. గుంటలో నీళ్ళకు గాలి కొట్టే ఏరియేటర్లు ఆపేశారు. తగ్గిన నీళ్ళలో రొయ్యలు చిటచిట ఎగురుతున్నాయి. కొంగలు గట్టు పొడుగునా బారులు తీరాయి. గేటు పక్క స్తంభానికి మగ్దలీనమ్మ కొట్టిన సున్నం వానలకు సగం కారిపోయి, సగం ఇంకా తెల్లగా ఉంది. దాని ముందు రెండు స్టూళ్ళు వేసి పెట్టెను దించారు. అబిగయీలు పెట్టె పక్కన మట్టిలో కూర్చుంది. ఆమె వెనక ఆడవాళ్ళు కూర్చున్నారు. పెంచల్ ముఠా కూడా కూర్చుంది.

గుంటలోకి బండి పోవాలన్నా ఆ కట్టే దారి. పెట్టె ఆ దారికి అడ్డంగా ఉంది.

నరేంద్రబాబు బుల్లెట్టు ఆపి ఎవరికో ఫోను చేస్తున్నాడు. "చిల్లకూరు నుంచి మనుషులను ఎక్కించు. ఎంతసేపు? అంతసేపు నిలవదయ్యా సరుకు!"

"అక్కా" అన్నాడు హెన్రీ. "చెక్కపెట్టెలో అమ్మ..."

"తెలుసు."

"ఈ ఎండకు..."

"తెలుసంటన్నా గదా! రొయ్యలకు ఎంత టైముండాదో మాయమ్మకూ అంతే ఉండాది. ఎవరు ముందు చెడితే వాళ్ళు ఓడినట్టు." అనేసి ఆమె పెదవి కొరుక్కుంది. మగ్దలీనమ్మ ఉంటే అలాగే అనేది. హెన్రీ చేతులు రెండూ నేలకు నొక్కి పెట్టుకున్నాడు, ఆ మాటను ఎక్కడా రాసుకోకుండా.

అల్లూరు రోడ్డు మీంచి కట్టకు మళ్ళుతూ ఒక లారీ హారను కొట్టింది. పట్టుబడికి తెప్పించిన ఐసు లారీ. తొట్టి అంచుల నుంచి నీళ్ళు ధారగా కారుతున్నాయి. పెట్టెకు కొంచెం దూరంలో డ్రైవరు బ్రేకు వేశాడు. చిల్లకూరు మనిషి, ఈ ఊరి గొడవ తెలియని మనిషి. అద్దంలోంచి పెట్టెను చూశాడు, శిలువ గుర్తు చూశాడు, కూర్చున్న ఆడవాళ్ళను చూశాడు.

"పోనీ!" అని అరిచాడు నరేంద్రబాబు. "నువ్వు పోనియ్యి, వాళ్ళే లేస్తారు!"

లారీ గర్జించి ఒక మూర ముందుకు కదిలింది. ఆడవాళ్ళ పాట ఆగలేదు. అబిగయీలు లేవలేదు. హెన్రీ వెళ్ళి పెట్టెకూ లారీకీ మధ్య కూర్చున్నాడు. అక్క అతని వైపు చూడలేదు. కానీ పరుచుకున్న తన చీర చెంగును లాక్కుని, మట్టిలో అతనికి ఇంకొంచెం చోటిచ్చింది.

ఇంజను ఆగింది.

డ్రైవరు కిందికి దిగాడు. చెప్పులు లారీ మెట్టు మీదే విడిచాడు. ఎవరితోనూ మాట్లాడకుండా వెనక్కి నడిచి, తొట్టి తలుపు కొక్కెం తీశాడు.

"ఏందయ్యా చేస్తన్నావు?" అన్నాడు నరేంద్రబాబు. "ఆ, అట్నే మోసకపో, కట్ట దిగి గుంట కాడికి మోసకపో. డబల్ ఇస్తా!"

డ్రైవరు గోనెపట్ట భుజాన వేసుకుని, దాని మీదికి ఒక ఐసు దిమ్మ లాక్కున్నాడు. బరువుకు మోకాళ్ళు వంగాయి. నిలదొక్కుకుని ముందుకు వచ్చాడు. ఎడమ చేతి వైపు గుంటలోకి దిగే మెట్లున్నాయి. ఎదురుగా పెట్టె ఉంది.

దిమ్మ నీళ్ళు అతని వీపు మీంచి కారి, కట్ట మట్టిలో చుక్కలు చుక్కలుగా పడుతున్నాయి. ఆ చుక్కల బాట మెట్ల దాకా వచ్చింది. అక్కడ అతను ఆగి, దిమ్మ సర్దుకుని, పెట్టె వైపే అడుగు వేశాడు.